మళ్ళీ మే తొమ్మిది

మే పదిహేనో తేదీ పొద్దున కర్నల్ తోత్కోవ్ తన బల్ల మీద మూడు వస్తువులు పెట్టాడు. ఒక టేపు, ఒక మందు సీసా, ఒక చవక నవల.

ఏజెంట్ యావోర్ మించెవ్ మూడింటినీ చూశాడు. నవల అట్ట మీద గడియారం బొమ్మ ఉంది. దాని పెద్ద ముల్లుకి ఒక ఆడమనిషి వేలాడుతోంది.

"చదివావా?"

"లేదు సార్."

"మా ఆవిడ చదివింది. ఒక హత్య జరుగుతుంది. డిటెక్టివ్ పడుకుని లేస్తాడు. మళ్ళీ అదే రోజు. చచ్చిన మనిషి బతికి కాఫీ కలుపుకుంటూ ఉంటుంది. హంతకుడు దొరికేదాకా ఆ రోజు వదలదు."

"ఆ మూల కూర్చున్నదెవరు?"

"రాసినవాడే. పెన్చో స్పాసోవ్. ఇలాంటివి పదకొండు రాశాడు. ఇవాళ్టి నుంచి మన మనిషి."

స్పాసోవ్ ఒళ్ళో టోపీతో లేవబోయి, ఎవరూ చెయ్యి చాచకపోయేసరికి మళ్ళీ కూర్చున్నాడు. పలకరిస్తే నవ్వే రకం మొహం. ఆ గదిలో ఎవరూ పలకరించలేదు.

కర్నల్ బ్రీఫింగ్ ఎప్పుడూ నాలుగు నిమిషాలు దాటదు. కంపాస్ ముఠా. డబ్బు, మనుషులు, మందుగుండు అన్నీ బయటి దేశానివి. టార్గెట్ ఇరవై నాలుగో తేదీ, అక్షరాల పండుగ. రూసె ఊళ్ళో డాన్యూబ్ గట్టు మీద బడిపిల్లల ఊరేగింపు. వేదిక మీద వంతెన ఒప్పందానికి వచ్చిన మూడు దేశాల మంత్రులు. పేలేది పదిన్నరకి. బాంబు పెట్టె ఊళ్ళోకి వచ్చింది. ఎక్కడుందో తెలియదు. ఊరేగింపు రద్దు చేస్తే పెట్టె ఇంకో ఊరు వెళ్తుంది, మంత్రులూ ఇంకో ఊరు వెళ్తారు.

"తెలిసిన మనిషి ఒకతే ఉంది," అన్నాడు కర్నల్.

"స్నెజానా," అన్నాడు యావోర్.

స్నెజానా వాల్చెవా నది ఒడ్డు హోటల్లో పాటలు పాడేది. ఆమె ఆకుపచ్చ పట్టు గౌను గురించి మూడు రాయబార కార్యాలయాల రిపోర్టుల్లో మూడు రకాలుగా రాసి ఉంది. కంపాస్ ముఠా ఆమెను తమ మనిషి అనుకునేది. రెండేళ్ళుగా ఆమె యావోర్ మనిషి. ముఠా మాటలన్నీ పొద్దున కాఫీ దగ్గర అతనికి చెప్పేది. ఆమెకు తొమ్మిదేళ్ళ కూతురు, బిల్యానా. అతన్ని మామయ్యా అనేది.

మే తొమ్మిదిన కాఫీ దగ్గర స్నెజానా, "పెట్టె ఎక్కడుందో తెలిసింది యావోర్, అది," అంది. ఫోన్ మోగింది. అమ్మమ్మ ఇంట్లో పడుకున్న బిల్యానా రోజూ బడికి వెళ్ళే ముందు చేసే ఫోన్. తల్లి రెండు నిమిషాలు మాట్లాడింది. తర్వాత రిసీవర్ పడేసి, చెప్పులు కూడా లేకుండా మెట్లు దిగి పరుగెత్తింది. యావోర్ ఆమె వెంట వెళ్ళలేదు. అదే నిమిషంలో అతని వైర్‌లెస్‌లో కంపాస్ కొరియర్ కారు నది రోడ్డు ఎక్కిందని కబురు వచ్చింది. అతను కారు వెంట వెళ్ళాడు. రెండో మలుపులో టైరు మీద కాల్చాడు. గురి తప్పలేదు. కారు గట్టు గోడను కొట్టుకుని తిరగబడింది. కొరియర్ బతికాడు. వెనక సీట్లో ఉన్న బిల్యానా బతకలేదు. ఆ పిల్ల కార్లో ఉందని ఎవరికీ తెలియదు. ముఠాకి స్నెజానా మీద అనుమానం వచ్చి, పిల్లను తమ దగ్గర పెట్టుకోవాలని తీసుకెళ్తున్నారు.

ఆ రోజు నుంచి స్నెజానా ఎవరితోనూ ఒక్క మాట మాట్లాడలేదు.

"ఆ వాక్యం పూర్తి కావాలి," అన్నాడు కర్నల్. మందు సీసాను వేలితో ముందుకు తోశాడు. "ఇది ముందొక పెద్ద డోసు. వారం రోజులు తుడిచిపెట్టేస్తుంది. తర్వాత రోజుకొకటి, ఆ రోజుని తుడిచెయ్యడానికి. కళ్ళు తెరిస్తే మే తొమ్మిది. తన ఇల్లు, తన మంచం. కూతురు అమ్మమ్మ దగ్గర ఉంది. నువ్వు కాఫీకి వస్తావు. చెప్తుంది. చెప్పకపోతే మర్నాడు మళ్ళీ మే తొమ్మిది. ఆపరేషన్ పేరు రీప్రింట్."

"పేరు నేను పెట్టింది కాదు," అన్నాడు స్పాసోవ్.

"నువ్వు చెప్పేదేదో చెప్పు."

"నా నవలల్లో లోపల ఇరుక్కున్నవాడికి అన్నీ గుర్తుంటాయి సార్. లోకం మర్చిపోతుంది. అందుకే వాడు గెలుస్తాడు. మీరు తిరగేశారు. లోపలి మనిషి మర్చిపోతుంది, బయటి అందరికీ గుర్తుంటుంది." టోపీని ఒక చుట్టు తిప్పాడు. "దాన్ని ఏమంటారో నాకు తెలియదు. నవల మటుకు కాదు."

"నవల కాకపోతే నీకు డబ్బులెందుకిస్తున్నాం," అన్నాడు కర్నల్.

యావోర్ బల్ల మీది టేపు వైపు చూశాడు. అది ఆ రోజు ఫోన్ సంభాషణ. స్నెజానా ఫోన్‌కి మైక్రోఫోన్ పెట్టింది అతనే.

"పిల్లను చంపింది ఎవరో ఆమెకి తెలుసా సార్?"

"పోలీసు తూటా అని తెలుసు. ఏ పోలీసో తెలియదు. మధ్యాహ్నం నుంచి అదీ తెలియదు."

*

ఇంటిని తయారుచేసింది గెంచో. శాఖలో ముప్పై ఏళ్ళుగా దొంగ గదులు, దొంగ ఆఫీసులు కట్టినవాడు. అందరికీ బాబాయే. నాలుగు అంతస్తుల భవనంలో మిగతా కుటుంబాలన్నిటినీ గ్యాస్ పైపుల మరమ్మతు అని చెప్పి వేడినీటి బుగ్గల ఊరికి పంపించాడు. మే తొమ్మిది పత్రిక ముప్పై కాపీలు మళ్ళీ అచ్చు వేయించాడు. కిటికీలో జెరానియం మొక్క వారంలో రెండాకులు వేసింది. వాటిని గిల్లేశాడు. మిగిలిపోయిన బనిత్సా, అంటే జున్ను పొరల రొట్టె, ముక్క ఒకటి ఎప్పుడూ పళ్ళెంలో ఉండాలి. దాన్ని ఎదురింటి వంటగదిలో రోజూ కొత్తగా కాల్చి, ఒక మూల కొరికి, పాతదానిలా పెట్టేవాడు.

"కొరికేది ఎవరు బాబాయ్?"

"నేనే. పాప పళ్ళు చిన్నవి కదా, ముందు పళ్ళతో జాగ్రత్తగా కొరకాలి."

ఫోన్ టేపును స్పాసోవ్ సరిచేశాడు. తల్లి గొంతు తుడిచేసి, ఆ చోట ఖాళీలు ఉంచాడు. చివరి ఇరవై సెకన్లు కత్తిరించాడు. ఆ ఇరవై సెకన్లలో పాప, కింద కారు హారన్ కొడుతోంది, స్టోయన్ అంకుల్ బడి దగ్గర దింపుతాడట అంటుంది. స్టోయన్ కంపాస్ మనిషి. తల్లి వద్దు అంటుంది. అవి లేకపోతే అది మామూలు పొద్దుటి ఫోన్.

"కింద పోస్టు డబ్బాల గోడ మీది కాగితాలు?" అని యావోర్ అడిగాడు.

"చూసుకున్నాను బాబూ," అన్నాడు గెంచో.

అలా ఆ ఇంట్లో మే తొమ్మిది మొదలైంది. అది రోజుకి రెండు గంటల పది నిమిషాలే ఉండేది. ఆరున్నరకి స్నెజానా లేస్తుంది. ఏడుకి పది నిమిషాల ముందు మెట్లు దిగి, డబ్బాలోంచి పత్రిక తీసుకుని పైకి వస్తుంది. వీధి తలుపు తాళం చెడిపోయి తెరుచుకోదు. ఏడూ అయిదుకి యావోర్ వెనక తలుపు నుంచి వస్తాడు. ఏడూ నలభైకి ఫోన్ మోగుతుంది. రెండో కప్పు కాఫీలో నిద్రమందు ఉంటుంది. ఎనిమిదీ నలభైకి ఆమె సోఫాలో ఒరిగిపోతుంది. డాక్టరమ్మ సూది తీసుకుని పైకి వస్తుంది.

మొదటి రోజు స్నెజానా తలుపు తీసి అతన్ని కిందికీ పైకీ చూసింది.

"ఆ టై ఎవరు కట్టారు నీకు? ఉరితీసేవాడా?"

"నేనే కట్టుకున్నాను."

"అంతేలే. రా, కూర్చో. చక్కెర నువ్వే వేసుకో, నా చేతికి పిండి అంటింది."

ఆమె ఉత్సాహంగా ఉంది. హోటల్ మేనేజరును వెక్కిరించింది. కంపాస్ మనుషుల్లో ఒకడు తనకు ఇచ్చిన సెంటు సీసా నకిలీదని చెప్పింది. పెట్టె గురించి మాట్లాడలేదు. యావోర్ కోడ్ మాట వాడాడు. "ఈసారి పియోనీలు ముందే పూశాయా?" అంటే, కొత్త కబురు ఉందా అని.

"పూయలేదు," అంది స్నెజానా.

ఫోన్ మోగింది. ఆమె రెండు చేతులతో రిసీవర్ పట్టుకుంది.

"అమ్మా, నా జడ రిబ్బన్లు నీ దగ్గరే ఉండిపోయాయి."

"ఉన్నాయమ్మా."

"పండగ రోజు నువ్వే జడ వెయ్యాలి. అమ్మమ్మ గట్టిగా లాగుతుంది."

"నేనే వేస్తాను."

"ఒట్టు?"

"ఒట్టు."

అలా ఎనిమిది రోజులు. మాటలు కొంచెం కొంచెం మారేవి. టై మీద ఒకరోజు ఉరితీసేవాడు, ఇంకోరోజు పశువుల డాక్టరు. పియోనీలు ఏ రోజూ పూయలేదు. యావోర్ బతిమాలి చూశాడు. కోపంగా మాట్లాడి చూశాడు. ఆరో రోజు ఆమె చెయ్యి పట్టుకున్నాడు. చెయ్యి లాక్కోకుండా, "కాఫీ చల్లారుతోంది," అంది.

*

ఇరవై మూడు మధ్యాహ్నం ఎదురింటి లిజనింగ్ గదిలో స్పాసోవ్ హెడ్‌ఫోన్లు తీసి మెడలో వేసుకున్నాడు.

"యావోర్ గారూ, మీకు పిల్లలున్నారా?"

"లేరు. ఎందుకు?"

"నాకిద్దరు. అసలు టేపులో తల్లి నాలుగు చోట్ల పిల్ల మాటకి అడ్డం వచ్చింది. రిబ్బన్లు అనగానే ఉన్నాయి అంది, వాక్యం పూర్తికాకుండానే. పిల్లలతో ఎవరైనా అంతే మాట్లాడతారు. ఈ ఎనిమిది రోజుల్లో ఒక్కసారి కూడా అడ్డం రాలేదు. ఖాళీ వచ్చేదాకా ఆగుతోంది. ఖాళీలోనే మాట్లాడుతోంది."

"అంటే?"

"అది పిల్ల కాదని ఆమెకి తెలుసు. టేపని తెలుసు. దాని మీద తన గొంతు పడకూడదనుకుంటోంది. ఒక్క అక్షరం కూడా పోగొట్టుకోకూడదనుకుంటోంది."

యావోర్ లేచి ఆమె కిటికీ వైపు చూశాడు.

"రోజూ తుడిచేస్తున్నాం కదా."

"తుడిచేస్తున్నారు," అన్నాడు స్పాసోవ్. "అందుకే రోజూ కొత్తగా తెలుస్తోంది."

*

ఇరవై నాలుగో తేదీ ఏడుకి ఇరవై నిమిషాల ముందు యావోర్ కింద సెల్లార్ తలుపు వెనక నిలబడ్డాడు. తలుపు సందు లోంచి పోస్టు డబ్బాల గోడ కనిపిస్తోంది. గోడ మీద ఒకే ఒక కాగితం. గురువారం నీళ్ళు రావు అన్న నోటీసు.

స్నెజానా దిగి వచ్చింది. ఏదో పాట కూనిరాగం తీస్తోంది. పత్రిక తీసుకుంది. వెళ్ళబోయి ఆగింది. నోటీసు అంచు కింద నల్ల గీత ఒకటి సన్నగా కనిపిస్తోంది. ఆ దేశంలో మనిషి పోతే ఫోటోతో నల్లంచు కాగితం అచ్చువేసి వాకిళ్ళలో అంటిస్తారు. ఎవరిదో కాగితం మీద నీళ్ళ నోటీసు అంటించారంటే, పోయింది ఎవరా అని ఎత్తి చూడని మనిషి ఆ ఊళ్ళో ఉండడు. స్నెజానా గోటితో మూల ఎత్తింది.

కూనిరాగం ఆగిపోయింది.

ఆమె అరవలేదు. నుదురు గోడకి ఆనించి నిలబడింది. యావోర్ వాచీలో నాలుగు నిమిషాలు గడిచాయి. తర్వాత ఆమె కాగితం పక్కన సున్నం మీద గోటితో ఏదో గీసింది. నోటీసు మూలను నాలుకతో తడిపి, మళ్ళీ అంటించి, అరచేత్తో నొక్కింది. జుట్టు సర్దుకుంది. పత్రిక చంకలో పెట్టుకుని మెట్లెక్కింది.

యావోర్ వెళ్ళి నోటీసు ఎత్తాడు. పళ్ళు కనిపించేలా నవ్వుతున్న బిల్యానా ఫోటో. కింద పోయిన తేదీ, మే తొమ్మిది. పక్కన సున్నంలో తొమ్మిది గీతలు. తొమ్మిదోది ఇంకా తెల్లగా పొడి రాలుస్తోంది.

వెనక గెంచో నిలబడి ఉన్నాడు.

"చింపలేకపోయాను బాబూ," అన్నాడు. "తక్కినవన్నీ తీశాను, అవి జాగ్రత్తగా ఊడివచ్చాయి. ఇది వాళ్ళ అమ్మమ్మ గోధుమపిండి జిగురుతో గట్టిగా అంటించింది. తియ్యాలంటే పాప మొహం చిరగాలి. వానా ఎండా తీసుకుపోతాయి గాని, మనిషి చెయ్యి వేస్తాడా దాని మీద? పైన నోటీసు కప్పాను. అంత చాలనుకున్నాను."

*

పైన కాఫీ సిద్ధంగా ఉంది. యావోర్ కూర్చోలేదు.

"కింద తొమ్మిది గీతలున్నాయి," అన్నాడు.

స్నెజానా జెజ్వే గిన్నె లోంచి కాఫీ వంపుతూనే ఉంది. కప్పు నిండాక ఆపింది.

"చూశావా. మంచిది. నాకు ఎనిమిది గుర్తు లేవు. గోరు మటుకు నాదే." కుర్చీలో కూర్చుంది. "ఇవాళ ఎన్నో తేదీ?"

"ఇరవై నాలుగు."

"పండగ."

"మూడున్నర గంటల్లో పెట్టె పేలుతుంది. మొదటి రోజే నీకు తెలిసింది కదా. తిట్టలేదు, కొట్టలేదు. ఎందుకు చెప్పలేదు?"

"మొదటి రోజు ఎందుకు చెప్పలేదో నాకెలా తెలుస్తుంది? నేను ఇవాళ పుట్టాను. కిందికి వెళ్ళాను, నా బిడ్డ పోయింది. పక్కన ఎనిమిది గీతలు. అవి గీసిన ఆవిడ ఎనిమిది రోజులూ చెప్పకూడదనుకుంది. ఆవిడ మాట కాదనడానికి నేనెవరిని?"

ఏడూ నలభైకి ఫోన్ మోగింది. ఆమె చెయ్యి ఎత్తి అతన్ని ఆపింది. రిసీవర్ తీసి, ఖాళీలన్నిటిలో తన మాటలు సరిగ్గా పెట్టింది. పెట్టేసి అతని వైపు తిరిగింది.

"ఇది ఇక్కడ అయిపోదు. అది వెళ్తున్నా అని చెప్పకుండా ఫోన్ పెట్టదు. మిగిలింది వినిపించండి."

"స్నెజానా."

"మిగిలింది."

ఎదురింట్లో స్పాసోవ్ వింటున్నాడు. కత్తిరించిన ముక్క అతని జేబులోనే ఉంది. ఎందుకు దాచాడో అతనికీ తెలియదు. పది నిమిషాల తర్వాత ఫోన్ మళ్ళీ మోగింది. హారన్. స్టోయన్ అంకుల్ వచ్చాడమ్మా. వద్దు బిల్యానా, ఎక్కకు, అమ్మమ్మని పిలువు, అని ఆమె గొంతే. వెళ్తున్నా, బై, అని పిల్ల గొంతు. తర్వాత ఏమీ లేదు.

స్నెజానా రిసీవర్‌ను ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది.

"వాళ్ళు చంపారా?"

అవునని చెప్పడం తేలిక. చెప్తే ముఠా మీద పగతో పెట్టె జాడ అప్పటికప్పుడే చెప్తుంది. ఎదురింట్లో హెడ్‌ఫోన్లు పెట్టుకున్న కర్నల్ కూడా, ఆ మాట యావోర్ నోట్లోంచి ఊడిపడాలని బల్ల అంచు పట్టుకున్నాడు.

"టైరు మీద కాల్చాను," అన్నాడు యావోర్. "పాప ఉందని తెలియదు. నేనే."

ఆమె కప్పు విసరలేదు. కిటికీ వైపు చూస్తూ కూర్చుంది. ఎనిమిదయింది. ఎనిమిదిన్నరయింది. నది వైపు నుంచి బ్యాండు మేళం సరిచూసుకుంటున్న చప్పుడు వచ్చింది. యావోర్ ఒకసారి నోరు తెరిచాడు. ఆమె వేలు ఎత్తింది. మూసుకున్నాడు. తొమ్మిదయింది. తొమ్మిదీ యాభైకి ఆమె మాట్లాడింది.

"నన్ను చంపమని అడగను. నీకది చేతనవుతుంది, కాని అడగను. నాకు సూది కావాలి. రేపు, ఎల్లుండి, ఆ తర్వాత. బుర్ర పాడయ్యేదాకా. కింద కాగితం తీసెయ్. వేరే ఎవరూ కాదు, నువ్వు తియ్యి. నాకు ఆ రెండు గంటలు చాలు. అది అమ్మమ్మ దగ్గరుంటుంది, నేను కాఫీ కలుపుతుంటాను."

"సరే."

"నువ్వు రావాలి. ఇలాగే, ఏడూ అయిదుకి. రోజూ. ఏడుపు మొహం పెట్టకుండా."

"సరే."

"ఆలోచించి చెప్పు. నాకు గుర్తుండదు. నీకుంటుంది."

"వస్తాను," అన్నాడు యావోర్.

అప్పుడు చెప్పింది. ఊరేగింపు ముందు భాగాన, ఆ దేశానికి అక్షరాలు చేసిపెట్టిన సాధువులు, ఇద్దరు అన్నదమ్ముల పటం మోస్తారు. దానికి ఈ ఏడు కొత్త ఫ్రేము. ఫ్రేము లోపలి కర్ర తొలిచేశారు. గడియారం పదిన్నరకి పెట్టి ఉంది. వేదిక దగ్గర కెమెరా పట్టుకున్న కంపాస్ మనిషి ఒకడు ఉంటాడు. పోలీసులు పటం దగ్గరికి వస్తే వాడు ముందే జేబులో మీట నొక్కేస్తాడు.

"మోసేది ఎవరు?" అన్నాడు యావోర్ తలుపు దగ్గర.

"నాలుగో తరగతి. బిల్యానా క్లాసు," అంది స్నెజానా. "అందుకే పొద్దున లేవగానే నీకు చెబుదామనుకున్నాను."

*

పది గంటల పదిహేడుకి యావోర్ బ్యాండు మేళం వ్యాను వెనక ఒక ట్రాంబోన్ వాయించేవాడి ఎర్ర కోటు, టోపీ వేసుకున్నాడు. దొంగ మీసం గెంచో అంటించాడు. ఒక వైపు కిందికి దిగింది. సరిచెయ్యడానికి సమయం లేదు.

గట్టు నిండా జనం. పిల్లల చేతుల్లో పియోనీలు. పటం నలుగురు పిల్లల భుజాల మీద, పూలదండలతో, వేదిక వైపు కదులుతోంది. ట్రాంబోన్ నోటికి పెట్టుకుని యావోర్ వరుసలో నడిచాడు. ఒక్క స్వరం కూడా సరిగా రాలేదు. పక్కన డోలు వాడు, "ఏరా, తాగొచ్చావా?" అన్నాడు.

పదీ ఇరవై తొమ్మిది. వేదికకి ఇరవై అడుగులు. కెమెరా మనిషి కుడి చెయ్యి జేబులో ఉంది. యావోర్ డోలు వాడి కాలికి అడ్డుపడి, పిల్లల మీద తూలాడు. జనం నవ్వారు. కెమెరా మనిషి కూడా నవ్వాడు. ఆ నవ్వు పూర్తయ్యేలోగా వెనక నుంచి గెంచో వాడి మణికట్టును జేబుతో సహా పట్టి విరిచాడు. యావోర్ పటాన్ని పిల్లల భుజాల మీంచి లాక్కుని పరుగెత్తాడు.

"సార్, మా పటం," అని ఒక పిల్ల వెంటపడింది. దాని జడలకి తెల్ల రిబ్బన్లున్నాయి. యావోర్ వెనక్కి చూడకుండా దాన్ని మోచేత్తో తోసేశాడు. పిల్ల మోకాళ్ళ మీద పడింది. గట్టు గోడ మీంచి పటాన్ని శక్తికొద్దీ నదిలోకి విసిరాడు.

అయిదు సెకన్లు మిగిలాయి. ఒక ముసలావిడకి అది చాలింది.

"దేవుడి పటాన్ని నీళ్ళపాలు చేస్తావురా, తాగుబోతు వెధవా," అని గొడుగుతో నుదుటి మీద కొట్టింది. రెండోది చెవి మీద పడింది. మూడో దెబ్బకి గొడుగు ఎత్తింది. నది తెల్లగా లేచి అందరినీ తడిపింది.

ముసలావిడ గొడుగు దించలేదు. విప్పి పట్టుకుంది.

*

కర్నల్ ఆ సాయంత్రం యావోర్ చెయ్యి నొక్కి, పతకం గురించి ఒక మాట అన్నాడు. యావోర్ సూది గురించి అడిగాడు.

"మాట ఇచ్చింది నువ్వు. శాఖ కాదు."

"అవును సార్."

"ఇలా రోజూ ఇస్తే ఏడాదికి మనిషి మిగలదని డాక్టరమ్మ అంటోంది."

"ఆమెకి కావలసిందీ అదే సార్."

కర్నల్ పెన్ను మూత పెట్టి, తీసి, సంతకం చేశాడు. "నిజం చెప్పాల్సిన అవసరం ఏమొచ్చింది నీకు? కంపాస్ అని ఉంటే ఎనిమిదింటికే చెప్పేది. మంత్రులు రెండు గంటలు తక్కువ చెమట పట్టేవాళ్ళు." యావోర్ సంతకం చేసిన కాగితం తీసుకున్నాడు.

ఆ భవనంలోకి వెళ్ళి యావోర్ నోటీసు తీసేశాడు. నల్లంచు కాగితం తడిపి, కత్తి అంచుతో నెమ్మదిగా లేపాడు. గెంచో వీధిలోనే ఉండిపోయాడు. గోధుమపిండి జిగురు గట్టిది. కాగితం మూడు ముక్కలుగా వచ్చింది. చిరుగు నవ్వు మీంచి పోయింది. తర్వాత సున్నం కలిపి గీతల మీద రెండు పూతలు వేశాడు.

మర్నాడు ఏడూ అయిదుకి తలుపు కొట్టాడు.

స్నెజానా తలుపు తీసింది. పత్రిక చంకలో ఉంది. పెదవుల మీద పాట ఉంది.

"నుదుటికి ఏమైంది? ఎవరైనా ఆడమనిషి కొట్టిందా?"

"అవును. గొడుగుతో."

"నాకు తెలుసు. నీ మొహం చూస్తే ఎప్పటికైనా కొడతారనుకున్నాను. కూర్చో, చక్కెర నువ్వే వేసుకో."

అతను కూర్చున్నాడు. ఆమె కాఫీ వంపి, ఎదురుగా కుర్చీ లాక్కుని, గొంతు తగ్గించింది. కళ్ళు మెరుస్తున్నాయి.

"పెట్టె ఎక్కడుందో తెలిసింది యావోర్. అది పండగ పటం ఫ్రేములో ఉంది. ఇరవై నాలుగున, పదిన్నరకి. మోసేది మా బిల్యానా క్లాసు, తెలుసా? ఆ మాట విన్నప్పటి నుంచి నాకు నిద్ర లేదు. ఏం చేస్తావో చెయ్యి, ఆ పిల్లలకి ఏమీ కాకూడదు."

యావోర్ నోట్‌బుక్ తీసి మొదటి నుంచి చివరిదాకా రాసుకున్నాడు. పెన్ను రెండుసార్లు ఆగింది.

"రాస్తూ అలా ఆగిపోతావేమిటి?" అని నవ్వింది స్నెజానా. "ఇంకా పదిహేను రోజులుంది. ముందు కాఫీ తాగు."